అమ్మకం ఆగిపోతే ఆట ఆగిపోవాలా?

మన ఇళ్ళలోకి కొత్త వస్తువు రావడం అరుదు. సీనియర్లు చదివిన పుస్తకాలు, మేనమామ తొక్కిన సైకిలు, పట్నంలో ఎవరో వాడి వదిలేసిన కంప్యూటరు... ఇలాంటివే మన చేతికి వస్తాయి. ఇందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. పాత పుస్తకంలోనైనా పాఠం అదే, పాత సైకిలు మీదైనా దూరం అంతే. అయితే ఈ కాలంలో ఒక కొత్త రకం వస్తువు బయలుదేరింది. అది విరగదు, అరగదు, తుప్పు పట్టదు. అయినా సగం పని మానేస్తుంది. కారణం ఒక్కటే. దాన్ని అమ్మిన కంపెనీ ఇక దాని సంగతి పట్టించుకోవడం మానేసింది!

చేతిలో పట్టుకుని ఆడుకునే గేమ్ యంత్రాలు దీనికి చక్కని ఉదాహరణ. కంపెనీ అమ్మకం ఆపేసిన యంత్రంలోకి, దాన్ని కొనుక్కున్నవాడు తనంతట తాను గేమ్స్ ఎక్కించుకోవచ్చా? ఇది తప్పా, ఒప్పా? ఈ వ్యాసంలో నేను చర్చించదలచుకున్నది ఇదే. "వార్షికోత్సవ సంచికలో ఆటల గురించి వ్యాసమా? ఇంతకంటే మంచి విషయం దొరకలేదా?" అని కొందరు మిత్రులు అనుకోవచ్చు. చివరిదాకా చదివి అప్పుడు తీర్పు చెప్పమని మనవి.

యంత్రం కథ

సోనీ కంపెనీ ప్లేస్టేషన్ పోర్టబుల్, అంటే పీఎస్‌పీ అనే యంత్రాన్ని 2004 డిసెంబరు 12న జపాన్‌లో విడుదల చేసింది. 2005లో అమెరికా, ఐరోపా దేశాలకు వచ్చింది. 4.3 అంగుళాల తెర, గరిష్ఠంగా 333 మెగాహెర్ట్జ్ వేగం, మొదటి మోడల్‌లో 32 ఎంబీ మెమరీ. ఈనాటి మామూలు ఫోను ముందు ఇది లెక్కలోకి రాదు. కానీ ఆ రోజుల్లో బల్ల మీద పెట్టుకుని ఆడే గేమ్స్‌ను జేబులోకి తెచ్చిన యంత్రం ఇది. ప్రపంచవ్యాప్తంగా ఏడున్నర కోట్లకు పైగా అమ్ముడుపోయింది.

దీని గేమ్స్ యూఎండీ అనే చిన్న డిస్కు మీద వచ్చేవి. 60 మిల్లీమీటర్ల వెడల్పు, 1.8 జీబీ సామర్థ్యం, చుట్టూ ప్లాస్టిక్ తొడుగు. ఈ డిస్కును మరే యంత్రమూ చదవలేదు. మెమరీ కార్డు కూడా సోనీ సొంత రకమే. మామూలు కార్డు అందులో పట్టదు. డిస్కు తమదే, కార్డు తమదే, సాఫ్ట్‌వేర్ తాళం తమదే. ఇల్లు అమ్మి రిజిస్ట్రేషన్ చేసి, తాళంచెవి మాత్రం తన బొడ్డులోనే దోపుకున్నట్టు ఉంటుంది ఈ వ్యాపారం.

2009లో డిస్కు పెట్టే చోటే లేని పీఎస్‌పీ గో అనే మోడల్ వచ్చింది. దానికి గేమ్స్ అన్నీ ఇంటర్నెట్ దుకాణంలోనే కొనుక్కోవాలి. అంతవరకు డిస్కులు కొని దాచుకున్నవాడికి అవి అందులో పనికిరావు. 2011 చివర్లో వచ్చిన పీఎస్ వీటాలోనూ ఈ డిస్కులు పట్టవు. 2014లో పీఎస్‌పీ సరఫరా ఆగిపోయింది. 2021 మార్చిలో సోనీ పీఎస్3, వీటా, పీఎస్‌పీల ఇంటర్నెట్ దుకాణాలు మూసేస్తామని ప్రకటించింది. వినియోగదారులు గట్టిగా నిరసన తెలిపితే, ఏప్రిల్‌లో అది తప్పుడు నిర్ణయమని ఒప్పుకుని పీఎస్3, వీటా దుకాణాలను ఉంచింది. పీఎస్‌పీకి మాత్రం ఆ కనికరం దక్కలేదు. ఆ యంత్రం నుంచి నేరుగా కొనే సౌకర్యం 2021 జూలైలో పూర్తిగా ఆగిపోయింది.

ఇది ఒక్క కంపెనీ కథ కాదు. నింటెండో తన 3డీఎస్ యంత్రానికి 2023 మార్చిలో ఇంటర్నెట్ దుకాణం మూసేసింది. 2024 ఏప్రిల్‌లో ఇంటర్నెట్ ద్వారా కలిసి ఆడే సౌకర్యం కూడా తీసేసింది. యంత్రాలు మాత్రం లక్షలాది ఇళ్ళలో ఇంకా వెలుగుతూనే ఉన్నాయి.

గేమ్స్ ఎలా ఎక్కిస్తారు?

ఇదేదో బ్రహ్మవిద్య అనుకోనక్కరలేదు. పీఎస్‌పీలో ప్రతి ప్రోగ్రామ్ మీద కంపెనీ డిజిటల్ సంతకం ఉండాలి. సంతకం లేని ప్రోగ్రామ్‌ను యంత్రం నడపదు. జపాన్‌లో మొదట అమ్మిన యంత్రాల్లో ఈ తనిఖీ సరిగా లేదు. ఔత్సాహికులు సొంత ప్రోగ్రాములు రాసి నడిపించారు. కంపెనీ కొత్త వెర్షన్‌తో సందు మూసింది. వాళ్ళు ఇంకో సందు వెతికారు. కొన్నేళ్ళపాటు ఇలా పిల్లీ ఎలుకా ఆట నడిచింది. 2007లో అయితే బ్యాటరీ లోపలి చిప్‌లో ఉండే సీరియల్ నంబరు మారిస్తే యంత్రం మరమ్మతు స్థితిలోకి వెళుతుందని కనిపెట్టారు. తాళం తలుపుకు వేస్తే, దారి బ్యాటరీలో దొరికింది!

చివరి అధికారిక వెర్షన్ 6.61. అది 2015లో వచ్చింది. ఆ తరువాత కంపెనీ ఇక ముట్టుకోలేదు. దాని మీద ఔత్సాహికులు తయారుచేసిన ప్రత్యామ్నాయ సాఫ్ట్‌వేర్‌ను, అంటే కస్టమ్ ఫర్మ్‌వేర్‌ను ఎక్కిస్తారు. సోనీ కార్డు ఆకారంలో ఉండే అడాప్టర్ కొని, అందులో మన ఫోన్లలో వాడే మైక్రో ఎస్‌డీ కార్డు పెడతారు. యూఎస్‌బీ తీగతో కంప్యూటర్‌కు కలిపితే కార్డు మామూలు పెన్ డ్రైవ్‌లా కనబడుతుంది. డిస్కుల నకళ్ళు 'ఐఎస్ఓ' అనే ఫోల్డర్‌లోకి, ఔత్సాహికులు రాసిన ప్రోగ్రాములు 'పీఎస్‌పీ' ఫోల్డర్ లోపలి 'గేమ్' ఫోల్డర్‌లోకి వెళతాయి. మన దగ్గర అసలు డిస్కు ఉంటే, దాన్ని యంత్రంలో పెట్టి, యూఎస్‌బీ సెట్టింగ్‌లో డిస్కును ఎంచుకుంటే, డిస్కు మొత్తం ఒకే ఫైలుగా కంప్యూటర్‌లో కనిపిస్తుంది. దాన్ని కాపీ చేసి కార్డులో పెట్టుకోవడమే.

డిస్కు ఉండగా నకలు ఎందుకు అంటారా? డిస్కును తిప్పే మోటారు, చదివే లెన్సు ఏళ్ళ తరబడి అరుగుతాయి. ప్లాస్టిక్ తొడుగు పగులుతుంది. డిస్కు తిరిగితే ఛార్జింగ్ కూడా త్వరగా అయిపోతుంది. కార్డు నుంచి అయితే గేమ్ త్వరగా తెరుచుకుంటుంది. ఒక జాగ్రత్త మాత్రం చెప్పాలి. యంత్రం మోడల్, వెర్షన్ చూసుకోకుండా దొరికిన ఫైలు ఎక్కిస్తే యంత్రం మళ్ళీ వెలగకపోవచ్చు. ఉబ్బిన పాత బ్యాటరీని ఛార్జింగ్‌కు పెట్టడం ప్రమాదకరం.

మూడూ ఒకటి కావు

"గేమ్స్ ఎక్కించడం" అనగానే అందరినీ దొంగల గాటన కట్టేయడం మనకు అలవాటు. కానీ ఇందులో మూడు వేర్వేరు పనులు ఉన్నాయి.

మొదటిది, డబ్బు పెట్టి కొన్న డిస్కుకు సొంత వాడకం కోసం నకలు తీసుకోవడం. ఇందులో తప్పు వెతకడం అన్యాయం. రెండవది, ఔత్సాహికులు స్వయంగా రాసి ఉచితంగా పంచిన ప్రోగ్రాములను నడపడం. రాసినవాడే ఇస్తుంటే కాదనడానికి మూడోవాడు ఎవరు? పీఎస్‌పీ కోసం ఇలాంటివారు చిన్న చిన్న గేమ్స్, పుస్తకాలు చదివే ప్రోగ్రాములు, పాత కంప్యూటర్లను అనుకరించే ప్రోగ్రాములు ఎన్నో రాశారు.

మూడవది, డబ్బు కట్టని గేమ్‌ను ఎక్కడినుంచో దింపుకోవడం. ఇక్కడ నా అభిప్రాయం స్పష్టంగా చెబుతాను. ఆ గేమ్ ఇప్పటికీ ఏదో ఒక రూపంలో అమ్ముతుంటే, అలా తీసుకోవడం తప్పు. పీఎస్‌పీ గేమ్స్ కొన్ని తరువాతి కాలంలో ఫోన్లకు కూడా వచ్చాయి. వాటి వెనుక ఎందరో ప్రోగ్రామర్లు, చిత్రకారులు, సంగీతకారుల కష్టం ఉంది. కూలి చేసే ఇళ్ళనుంచి వచ్చినవాళ్ళం, ఒకరి శ్రమకు వెల లేదని మనమే అనకూడదు. ఒకప్పుడు మొబైల్ షాపుల్లో ఇరవై రూపాయలకు కార్డు నిండా పాటలు ఎక్కించినట్టు, వందల గేమ్స్ నింపి అమ్ముకోవడం అంతకంటే పెద్ద తప్పు. అది ఆట మీద ప్రేమ కాదు, ఒకరి చెమటతో వేరొకరు చేసే వ్యాపారం.

మరి ఎక్కడా అమ్మని గేమ్ సంగతి? ఎవరికి డబ్బు కడదామన్నా తీసుకునేవాడు లేడు. చట్టం దృష్టిలో అప్పటికీ హక్కులు కంపెనీవే. అసలు సమస్య ఇక్కడే ఉంది.

చట్టం ఏమంటున్నది?

మన కాపీరైట్ చట్టం 1957 నాటిది. దాని 52వ సెక్షన్ కొంత ఊరట ఇస్తుంది. చట్టబద్ధంగా కంప్యూటర్ ప్రోగ్రామ్ ప్రతి ఉన్నవాడు, అది పోకుండా, పాడవకుండా రక్షణ కోసం నకలు తీసుకోవచ్చు. సొంతంగా, చట్టబద్ధంగా సంపాదించిన ప్రతి నుంచి వ్యాపారేతర సొంత వాడకానికి నకళ్ళు తీసుకోవచ్చని కూడా అదే సెక్షన్ చెబుతుంది. 2012 సవరణలో 65ఏ సెక్షన్ చేరింది. డిజిటల్ తాళం విరిస్తే రెండేళ్ళ వరకు జైలు, జరిమానా. అయితే హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో విరిస్తేనే అది నేరం. ఆ 'ఉద్దేశం' అన్న మాట చాలా విలువైనది. అమెరికా 1998లో చేసిన చట్టంలో ఈ వెసులుబాటు లేదు. అక్కడ మూడేళ్ళకోసారి మినహాయింపుల కోసం అర్జీ పెట్టుకోవాలి.

కానీ మన చట్టంలోనూ లోటు ఉంది. లాభాపేక్ష లేని గ్రంథాలయం తన దగ్గర ఉన్న రచనను భద్రపరచడానికి డిజిటల్ రూపంలో నిల్వ చేయవచ్చు. ఎప్పుడు? ఆ గ్రంథాలయం దగ్గర డిజిటల్ కాని ప్రతి ఉన్నప్పుడు. పుస్తకానికి ఇది సరిపోతుంది. పుట్టుకతోనే డిజిటల్ అయిన గేమ్‌కు, సాఫ్ట్‌వేర్‌కు సరిపోదు. చట్టం రాసినవారి కళ్ళముందు అల్మరాలోని పుస్తకమే ఉన్నట్టుంది.

నకలు తీయబట్టే మిగిలింది

వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ అనే సంస్థ 2023లో ఒక అధ్యయనం వెలువరించింది. 2010కి ముందు అమెరికాలో విడుదలైన పాత గేమ్స్‌లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో కొనడానికి దొరకవని తేల్చింది. గ్రంథాలయాలు ఇలాంటి గేమ్స్‌ను పరిశోధకులకు దూరం నుంచి చూసే వీలు కల్పిస్తామని అడిగితే, 2024 అక్టోబరులో అమెరికా కాపీరైట్ కార్యాలయం ఒప్పుకోలేదు.

"పోతే పోనీ, ఆటలే కదా" అంటారేమో. 1931లో వచ్చిన మన దేశపు తొలి టాకీ 'ఆలం ఆరా' ప్రింటు ఈరోజు ఒక్కటి కూడా లేదు. అప్పట్లో సినిమా కూడా 'ఆటే కదా'! ఇక మన సాహిత్యం సంగతి చూడండి. తాటాకు శాశ్వతం కాదు. పురుగు తింటుంది, పొడి అవుతుంది. తరాల తరబడి ఎవరో ఒకరు కూర్చుని కొత్త ఆకుల మీదికి ఎత్తి రాయబట్టే కావ్యాలు మిగిలాయి. సి.పి. బ్రౌన్ దొర కడపలో పండితులకు జీతాలిచ్చి తాళపత్రాలకు నకళ్ళు రాయించాడు. ఊరూరా తిరిగే వేమన పద్యాలను సేకరించి 1829లో అచ్చు వేయించాడు. నకలు తీయడమే నేరమై ఉంటే మన చేతికి ఏమి మిగిలేది?

మన ప్రాంతానికే సంబంధించిన సంగతి ఒకటి చెబుతాను. హైదరాబాద్‌కు చెందిన గేమ్‌శాస్త్ర అనే సంస్థ 'దేశీ అడ్డా: గేమ్స్ ఆఫ్ ఇండియా' అనే గేమ్ తయారుచేసింది. అది పీఎస్2తో పాటు పీఎస్‌పీకి కూడా వచ్చింది. అందులో ఉన్నది కార్ల పందేలు, తుపాకీ యుద్ధాలు కాదు. కబడ్డీ, గిల్లీదండా వంటి మన వీధి ఆటలు. మనం బిళ్ళంగోడు అని ఆడే ఆటను ప్రపంచపు యంత్రం మీదికి ఎక్కించినవాళ్ళు మన మధ్యనే పనిచేశారు. ఆ డిస్కులు ఒక్కొక్కటే పాడైపోతే, ఆ పనికి సాక్ష్యం ఏది? ఎవరో ఒకరు తమ డిస్కుకు తీసి దాచిన నకలే రేపటి తాళపత్రం.

ఇది ఆటల గొడవేనా?

కాదు. 2022 డిసెంబరులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఎనిమిదో తరగతి విద్యార్థులకు బైజూస్ పాఠాలు నింపిన ట్యాబ్‌లు పంచింది. 2024లో ఆ కంపెనీ మీద దివాలా ప్రక్రియ మొదలైంది. పథకం మంచిదా చెడ్డదా అన్న చర్చ ఇక్కడ అనవసరం. నా ప్రశ్న ఒక్కటే. పాఠాలు ఇచ్చిన కంపెనీ ఇబ్బందుల్లో పడినా ట్యాబ్ గట్టిగానే ఉంటుంది. అందులోకి మరో పాఠం, మరో పుస్తకం, మరో ప్రోగ్రామ్ ఎక్కించుకునే హక్కు ఎవరిది? ఇది పీఎస్‌పీ ప్రశ్నే, వేషం మారింది అంతే.

డబ్బున్నవాడికి ఈ ప్రశ్న ఎదురు కాదు. పాతది ఆగిపోతే కొత్తది కొంటాడు. మనకు అలా కాదు. ఒక వస్తువు అమ్మకం ఆగిపోయిన రోజు కంపెనీ లెక్కలో అది చచ్చిన రోజు. మన లెక్కలో అది పుట్టిన రోజు. అప్పుడే దాని ధర తగ్గుతుంది, అప్పుడే అది మన వీధిలోకి వస్తుంది. తాళం వేసి వదిలేసిన వస్తువు వల్ల ఎక్కువగా నష్టపోయేది మనలాంటివాళ్ళమే.

ఇంకో మాట. ఇలాంటి యంత్రాన్ని విప్పి తెలుసుకున్న విద్యార్థి నేర్చుకునేది తక్కువేమీ కాదు. ఫర్మ్‌వేర్ అంటే ఏమిటి, డిజిటల్ సంతకం ఎలా పనిచేస్తుంది, ఫైల్ సిస్టమ్ అంటే ఏమిటి... ఇవన్నీ పరీక్ష కోసం బట్టీ పడతాం. ఇక్కడ చేత్తో పట్టుకుని చూడవచ్చు. పీఎస్‌పీకి ఔత్సాహికులు ప్రోగ్రాములు రాసేది ఎక్కువగా మన సిలబస్‌లోని సి భాషలోనే. 32 ఎంబీలో గేమ్ నడపాలంటే ఒక్కొక్క బైటూ లెక్క చూసుకోవాలి. నెలాఖరుకు మెస్ బిల్లు సరిచూసుకునే మనకు ఆ లెక్క త్వరగానే ఒంటబడుతుంది! 2012లో వచ్చిన పీపీఎస్ఎస్‌పీపీ అనే ప్రోగ్రామ్ ఫోనులోనే పీఎస్‌పీని అనుకరిస్తుంది. మనలో చాలామంది దాన్ని ఆటకే వాడారు. దాని సోర్స్ కోడ్ మొత్తం బహిరంగంగానే ఉంది. ఆట అయిపోయాక ఒక్కసారి ఆ కోడ్ కూడా తెరిచి చూడండి.

కంపెనీల వాదన కూడా వినాలి

తాళం లేకపోతే గేమ్ విడుదలైన రోజే నకళ్ళు వస్తాయి, తయారుచేసినవాళ్ళకు జీతాలు ఎలా వస్తాయి అని కంపెనీలు అడుగుతాయి. న్యాయమైన ప్రశ్నే. పీఎస్‌పీ కాలంలో దొంగ నకళ్ళు విపరీతంగా తిరిగిన మాట కూడా నిజమే. కాబట్టి అమ్ముతున్నంత కాలం తాళం ఉండనివ్వండి. కానీ అంగడి కట్టేసిన తరువాత కూడా తాళం ఎందుకు? దాన్ని కాపాడేది ఎవరి జీతాన్ని? పంట కోసుకుపోయిన చేలో పరిగె ఏరుకునేవాళ్ళను ఏ రైతూ తరమడు. ఆ పాటి మర్యాద కంపెనీలకూ ఉండాలి కదా!

ఏమి చేయాలి?

నా సూచనలు మూడు. ఒకటి, ఒక యంత్రానికి సేవలు ఆపేసే కంపెనీ, చివరి అప్‌డేట్‌గా తాళం తీసి వెళ్ళాలి. యజమాని తన ప్రోగ్రాములు తాను ఎక్కించుకునే వీలు ఇవ్వాలి. రెండు, పుట్టుకతో డిజిటల్ అయిన రచనలను కూడా గ్రంథాలయాలు భద్రపరిచి, పాఠకులకు చూపేలా మన కాపీరైట్ చట్టాన్ని సవరించాలి. మూడు, కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ 2022లో 'రైట్ టు రిపేర్' మీద కమిటీ వేసి, వ్యవసాయ పరికరాలు, మొబైల్, ఎలక్ట్రానిక్ పరికరాలు, గృహోపకరణాలు, వాహనాల రంగాలతో పోర్టల్ ప్రారంభించింది. మంచి పని. అయితే ఈ రోజుల్లో మరమ్మతు అంటే స్క్రూ విప్పడం మాత్రమే కాదు. సాఫ్ట్‌వేర్ తాళం తీయడం కూడా మరమ్మతే అని అది చట్టంలోకి రావాలి.

మిత్రులారా! తమ్ముళ్ళారా, చెల్లెళ్ళారా! "దున్నేవాడిదే భూమి" అన్న నినాదం మన ఊళ్ళు విన్నదే. భూమి ఎవరి పేరు మీద ఉందన్నది కాదు, ఎవరి చేతిలో అది పండుతుందన్నది ముఖ్యమని ఆ మాటకు అర్థం. ఈ యంత్రాల యుగంలో ఆ మాటను కొంచెం మార్చి "వాడేవాడిదే వస్తువు" అందాం. ఒకరి కష్టాన్ని దోచుకోవద్దు. మన చేతికి వచ్చిన వస్తువును తాళం చూసి మూల పడేయనూ వద్దు. విప్పండి, తెలుసుకోండి, నడిపించండి, తరువాత వచ్చేవాళ్ళకు నేర్పండి. పాత వస్తువు మన దాకా వచ్చిందంటే దాని పని అయిపోయిందని కాదు, మన పని మొదలైందని అర్థం.